నలభై ఏడో నిశ్శబ్దం

పోయిన వారం ఆమెను రిహార్సల్ గది తలుపు ముందు నిలబెట్టి వదిలేశాం. భుజాన సంచి, సంచిలో హార్డ్ డిస్కు, కడుపులో మంట. మనకు వారం గడిచింది గానీ ఆమెకు ఇంకా ఆ క్షణమే. చల్లారడానికి అది మామూలు కోపం కూడా కాదు.

ఈ వారమే చదవడం మొదలుపెట్టినవాళ్ళ కోసం రెండు ముక్కలు చెప్పాలి. ఆమె డాక్యుమెంటరీలు తీస్తుంది. ఆమె తమ్ముడు ఒక హెవీ మెటల్ బ్యాండులో గాయకుడు. పదకొండేళ్ళుగా ఆ బ్యాండు ఎక్కడ గొంతు చించుకుంటే అక్కడికల్లా ఆమె కెమెరా మోసుకుని వెళ్ళింది. డ్రమ్స్ వాయించేవాడు వాళ్ళ మేనమామ కొడుకు. తల్లి లేని పిల్లాడని మేనత్త, అంటే వీళ్ళ అమ్మ, తెచ్చి పెంచింది కాబట్టి ముగ్గురూ ఒకే కంచం చుట్టూ పెరిగారు. తమ్ముడికి అతను బావ. ఆమెను అతను వదినా అని పిలుస్తాడు. అతని దెబ్బకు కిటికీలు అదిరేవి గనక అందరూ అతన్ని సుత్తి అనేవారు. రోజంతా కలిపి పది మాటలు కూడా మాట్లాడని మనిషికి ఆ పేరు తగిలించడంలో కాస్త వేళాకోళం కూడా ఉంది.

ఆరేళ్ళ కిందట, బ్యాండు జీవితంలోకెల్లా పెద్ద కచేరీకి ముందు రోజు సుత్తి వెళ్ళిపోయాడు. తాగుడికి బానిసయ్యాడని తమ్ముడు చెప్పాడు. ఆమె నమ్మింది. నమ్మి ఊరుకున్నా బాగుండేది. తన మొదటి సినిమాలో, తన గొంతుతోనే, ఆ మాట లోకమంతటికీ చెప్పింది. నిన్న మధ్యాహ్నం దాకా అదే నిజమనుకుంది.

నిన్న ఏం జరిగిందో అర్థం కావాలంటే సినిమావాళ్ళ అలవాటు ఒకటి తెలియాలి. ఏ గదిలో షూటింగు చేసినా, పని అయ్యాక అందరినీ ఒక నిమిషం పాటు కదలకుండా నిలబెట్టి ఆ గది నిశ్శబ్దాన్ని రికార్డు చేసుకుంటారు. ఖాళీ గదికి కూడా ఒక చప్పుడుంటుంది. ఫ్యాను, ట్యూబులైటు, గోడ అవతలి రోడ్డు, అన్నీ కలిసిన చప్పుడు. తరువాత మాటల మధ్య అతుకులు తెలియకుండా కప్పడానికి అది పనికొస్తుంది. ఊరంతా దద్దరిల్లేలా వాయించే మనుషులు ఆ ఒక్క నిమిషం బడిపిల్లల్లా చేతులు కట్టుకుని నిలబడడం ఆమెకు భలే ముచ్చటగా ఉండేది. ఒక్కో నిమిషానికి ఒక్కో నంబరు వేసేది. నిశ్శబ్దం ఒకటి, నిశ్శబ్దం రెండు, అలా.

నలభై ఏడోది సుత్తి వెళ్ళిపోవడానికి ముందు రోజుది. ఆ నిమిషం అయిపోయింది, ఆమె "చాలు" అంది, అందరూ కదిలారు. సుత్తి ఒక్కడూ కదల్లేదు. రెండు చేతుల్లో రెండు కర్రలు పట్టుకుని, కళ్ళు మూసుకుని అలాగే నిలబడ్డాడు. గిటారు వాయించే అతను తన టోపీ తీసి సుత్తి నెత్తిన పెట్టాడు. అయినా కదల్లేదు. మొత్తం ఇరవై మూడు సెకన్లు. ఆమె ఆ ముక్కను సినిమాలో పెట్టుకుంది. హాల్లో జనం పడీపడీ నవ్వారు. ఫోన్లలోకి ఎక్కింది, ఇప్పటికీ తిరుగుతోంది. దాని మీద తాను చెప్పిన మాట గుర్తొస్తే ఆమెకు ఇప్పుడు ఒళ్ళు చచ్చిపోతోంది. చెవిటివాడి ముందు శంఖం ఊదినట్టుంది, అని నవ్వుతూ చెప్పింది ఆ ముక్క మీద.

ఇప్పుడు ఆమె రెండో సినిమా, పదకొండేళ్ళ పనంతా కలిపిన పెద్ద సినిమా పూర్తయింది, విడుదల వచ్చే శుక్రవారం. చివరి మెరుగులు దిద్దుతున్న శబ్దం ఎడిటరుకు, స్టూడియోలో అందరూ చెవులాయన అని పిలిచే పెద్దమనిషికి, ఆ గది నిశ్శబ్దం కావలసి వచ్చింది. నలభై ఏడు తెరిచాడు. అందులో నాలుగు వరుసలున్నాయి, నలుగురి చొక్కాలకు పెట్టిన నాలుగు మైకులవి. నిశ్శబ్దాన్ని నాలుగుసార్లు వినే పిచ్చివాడు ఎవడూ ఉండడు గనక ఆరేళ్ళుగా ఎవరూ వినలేదు. చెవులాయన విన్నాడు. మూడు వరుసల్లో ఫ్యాను తిరుగుతోంది. నాలుగో వరుసలో తమ్ముడు మాట్లాడుతున్నాడు. నిశ్శబ్దం తనకు పడదని ఆ నిమిషం వాడు ఎప్పుడూ వరండాలోకి జారుకునేవాడు. ఆ రోజు చొక్కాకు మైకు ఉన్న సంగతి మరిచిపోయాడు.

ఆమె తలుపు తోసింది.

టైర్ల కొట్టు వెనక ఉన్న పాత గోడౌను అది. మోత బయటికి పోకుండా గోడల నిండా కోడిగుడ్ల అట్టలు అతికించారు. పోయేది పోతూనే ఉంటుంది, అది వేరే సంగతి. కార్పెట్టు మీద ఎవరి సామాను ఎక్కడుండాలో తెల్ల టేపుతో గీతలు. తమ్ముడు ఒక్కడే ఉన్నాడు, నేల మీద బాసింపట్టు వేసుకుని తెగిన వైరుకు టేపు చుడుతున్నాడు. వేదిక మీద పులిలా గాండ్రించే మనిషి ఇంట్లో మటుకు చిన్నోడే. కళ్ళజోడు ముక్కు చివరికి జారి ఉంది.

సంతకం కోసం వచ్చావా అని అడిగాడు తల ఎత్తకుండానే. అంగీకార పత్రం చివరి పేజీలో వాడి సంతకం పడితే గాని సినిమా విడుదల కాదు. తన పెన్నులో సిరా అయిపోయిందనీ నీదివ్వమనీ చెయ్యి చాపాడు.

ఆమె ఆ చెయ్యి దాటుకుని వెళ్ళింది. సంచిలోంచి లాప్‌టాప్ తీసి గోడ పక్కనున్న పెద్ద స్పీకరుకు తగిలించింది. మీట నొక్కింది.

ముందు ఫ్యాను చప్పుడు వచ్చింది. ఆ తరువాత వాడి గొంతే, ఆరేళ్ళు చిన్నది, గదంతా నిండింది. కుడి చెవి కూడా పోతోందట, డాక్టరు చెప్పాడట. కాసేపు ఏదో కరెంటు హోరు. స్పీకరు జరపమని ఎప్పట్నుంచో అడుగుతున్నాడు, నేనే పట్టించుకోలేదు. మళ్ళీ హోరు, ఈసారి చాలాసేపు. ఆ తరువాత: సరే, తాగుతున్నాడనే చెప్తాను.

వైరు చుడుతున్న చెయ్యి ఆగిపోయింది.

"బావ స్పీకరు సంగతి ఎప్పుడూ అడగలేదు నన్ను" అన్నాడు తమ్ముడు.

"నేనింకా ఎవరి పేరూ ఎత్తలేదురా" అంది ఆమె.

గుమ్మడికాయల దొంగ ఎవరంటే భుజాలు తడుముకున్నాడట వెనకటికి ఒకడు. వాడికీ అది తట్టినట్టుంది, కళ్ళజోడు తీసి చొక్కాకు తుడుచుకోవడం మొదలుపెట్టాడు. తుడిచిందే తుడిచాడు.

ఆ స్పీకరు కథ ఆమెకు తెలుసు. తెలిసి కూడా తెలియలేదు. పాడేటప్పుడు తన గొంతు తనకు వినబడాలని తమ్ముడు ఒక పెద్ద స్పీకరును సరిగ్గా తన వెనక పెట్టించుకునేవాడు. ముందు పెడితే జనానికి తన కాళ్ళు కనబడవని వాడి బాధ. వెనక కూర్చునేది డ్రమ్మర్. అయిదేళ్ళ పాటు ప్రతి రిహార్సల్లో, ప్రతి కచేరీలో ఆ పెట్టె నోరు సుత్తి ఎడమ చెవికి జానెడు దూరంలో ఉంది. ఆమె దగ్గర రెండు వందల గంటల వీడియో బొమ్మ ఉంది, అన్నింటిలోనూ ఆ పెట్టె ఉంది.

ఆమె కూర్చోలేదు. కూర్చుంటే మెత్తబడతానేమోనని భయం. నిలబడే అడగవలసినవన్నీ అడిగింది. వాడి చెవులు పోతున్నాయని నీకెప్పుడు తెలిసింది అని అడిగింది. ఆ వారమే, వాడే వచ్చి చెప్పాడని తమ్ముడు ఒప్పుకున్నాడు. కచేరీ అయ్యాక వైద్యం చేయించుకుంటాను, ఎవరికీ చెప్పకు బావా అని బతిమాలాడట. బతిమాలినవాడికి ఆ సాయంత్రమే రేపట్నుంచి రావద్దని కబురు పెట్టారు. ఎందుకని అడగడానికి వస్తే ఈ గది తలుపు తియ్యలేదు.

"పిల్లలకు డ్రమ్స్ నేర్పే బడిలో ఉద్యోగం వచ్చింది వాడికి, నిన్న కనుక్కున్నాను. నా సినిమా చూసి తాగుబోతువి మాకొద్దు అన్నారు. అది తెలుసా నీకు?"

తెలుసన్నట్టు తల ఊపాడు.

"ఇప్పుడు చెక్కల మిల్లులో రంపం దగ్గర నిలబడుతున్నాడు. అందరూ చెవుల్లో దూది పెట్టుకుంటారక్కడ. వాడికా అవసరం లేదు. అదీ తెలుసా?"

తమ్ముడు వైరును నేలకేసి కొట్టాడు. కొట్టి లేచాడు. ఇంతసేపూ దొంగలా ఉన్న ముఖం మీదికి వేదిక మీది ముఖం వచ్చింది.

"తెలుసు. అన్నీ తెలుసు. నేను అబద్ధమాడాను, సరే. ఎంతమందికి చెప్పాను? బ్యాండులో ఇద్దరికి, కచేరీ పెట్టినవాడికి, నీకు. నలుగురు. నువ్వెంతమందికి చెప్పావక్కా?"

ఆమె లెక్కపెట్టబోయి మానేసింది.

"ఆ ఇరవై మూడు సెకన్లూ ఎడిటింగులో ఎన్నిసార్లు చూసుంటావు? వంద? రెండు వందలు? మనిషి కర్రలా నిలబడిపోయాడు, పిలిస్తే పలకడం లేదు, నెత్తిన టోపీ పెట్టినా నిమిషం ఇంకా అవలేదనుకున్నాడు. నాకు చూపించి ఎంత బాగా వచ్చిందో చూడరా అని నవ్వావు. చూడడమే కదా నీ పని? పదకొండేళ్ళు చూసి ఏం చూశావు నువ్వు?"

న్యాయమైన మాట అన్యాయం చేసినవాడి నోట వస్తే దాన్ని మింగడం చాలా కష్టం. ఆమె మింగింది. ఎందుకంటే వాడికి తెలియనిది ఇంకొకటి ఆమెకు తెలుసు. సినిమా వచ్చిన నెలకు సుత్తి ఆమె ఇంటికొచ్చాడు. ఆమె తలుపు తియ్యకుండా లోపల్నుంచే మాట్లాడింది. ఎందుకొచ్చావంటే బాగానే ఉన్నాను వదినా అన్నాడు. తాగి వచ్చావా అంటే అవును, బస్సులోనే వచ్చాను అన్నాడు. అడిగింది ఒకటి, చెప్పింది ఒకటి. ఇంత పట్టపగలు ఇంత మత్తా అని అసహ్యించుకుని ఆమె లోపలికి వెళ్ళిపోయింది. అదే మాట పక్కింటివాళ్ళకు కూడా చెప్పింది. నిన్నటి నుంచీ ఆ తలుపే కళ్ళ ముందు ఉంది.

"నేనూ చేశాను" అంది చివరికి. "అదీ సినిమాలోకి వెళ్తుంది. నా గొంతుతోనే చెప్తాను. ఆ శంఖం మాట ఎక్కడ చెప్పానో అక్కడే."

"అయితే నేను సంతకం పెట్టను."

"పెట్టకు."

"పదకొండేళ్ళ పని చెత్తబుట్టలోకి పోతుంది."

"పోనీ. వాడి చెవులకన్నా ఎక్కువా?"

తమ్ముడు గది ఆ కొసకు వెళ్ళి మళ్ళీ ఈ కొసకు వచ్చాడు. కోపం వాడికీ ఉంది, కానీ ఆ కోపం అడుగున ఇంకేదో ఉంది. ఆమె చిన్నప్పటి నుంచీ వాడిని చూస్తోంది, అది భయమని పోల్చుకుంది. పేరు పోతుందన్న భయం మాత్రం కాదు. వాడు ఇన్నిసార్లు తిట్టాడు, ఒప్పుకున్నాడు, ఎదురుతిరిగాడు గాని ఒక్క ప్రశ్నకు మాత్రం దారి ఇవ్వలేదు.

"వరండాలో ఎవరితో మాట్లాడుతున్నావు?" అంది.

"ఎవరైతే ఏంలే."

"కచేరీ పెట్టినవాడితోనా?"

"వదిలెయ్యక్కా. నా మీద వేసెయ్, అంతా నేనే చేశానని పెట్టు. పెట్టుకో, సంతకం కూడా పెడతాను. ఆ ఒక్కటీ అడక్కు."

ఇప్పటిదాకా పెట్టనన్న సంతకం ఇప్పుడు పెడతానంటున్నాడు. ఆమెకు ఆశ్చర్యం కన్నా అనుమానం ఎక్కువైంది. రెండో మనిషి గొంతు ఎంత కడిగినా తేలలేదని చెవులాయన నిన్ననే చెప్పాడు. వరండాలో కరెంటు పెట్టె పక్కన నిలబడ్డారు, ఆ హోరులో అవతలి మాట కలిసిపోయింది. చొక్కా మైకుకు దగ్గరగా ఉన్న గొంతు ఒక్కటే దక్కింది.

అప్పుడు ఆమె ఫోను మోగలేదు, వణికింది. సుత్తి దగ్గర్నుంచి సందేశం.

నిన్న సాయంత్రం ఆమె అతనికి మొత్తం పంపింది. ఆ బొమ్మ, నాలుగో వరుసలో తమ్ముడన్న మాటలు అక్షరం పొల్లుపోకుండా టైపు చేసి, కింద క్షమించు అని ఒక్క మాట, తమ్ముడు ఎవరితో మాట్లాడుతున్నాడో నీకేమైనా తెలుసా అని ఒక ప్రశ్న. జవాబు వస్తుందనుకోలేదు. మిల్లులో మధ్యాహ్నం భోజనం గంట కొట్టాక తీరిగ్గా రాసినట్టున్నాడు.

వదినా, అని మొదలుపెట్టాడు. ఆ బొమ్మ నేను నీకన్నా ఎక్కువసార్లు చూశాను, జనం పంపుతూనే ఉంటారు కదా. అందరూ నా ముఖమే చూస్తారు. నా వెనక కిటికీ ఉంది చూడు, అద్దంలోంచి వరండా కనబడుతుంది. చిన్నోడి వీపు, వాడికెదురుగా ఒక ముఖం. నాకిప్పుడు పెదాలు చూసి మాట పోల్చుకోవడం వచ్చు. తాగుతున్నాడని చెప్పు, అంటున్న పెదాలు అవి. నేను మూడేళ్ళ కిందటే కనిపెట్టాను. అన్నం పెట్టిన చెయ్యి కదా అని ఊరుకున్నాను. నువ్వు అడిగావు గనక చెప్పాను, ఇక నీ ఇష్టం.

ఆమె రెండోసారి చదవలేదు. లాప్‌టాప్ ముందు మోకాళ్ళ మీద కూర్చుని బొమ్మ తెరిచింది. తన బొమ్మే, తన చేత్తో తీసిందే. మధ్యలో సుత్తి, మూసిన కళ్ళు, రెండు కర్రలు. అతని కుడి భుజం మీదుగా కిటికీ మూల, అరచేతి పాటి అద్దం. దాన్ని పెద్దది చేసింది. ఇంకా పెద్దది చేసింది. చుక్కలు చుక్కలుగా విడిపోయే ముందు ఒక చోట నిలిచింది.

చేతిలో భోజనం కేరేజీ ఉంది. రిహార్సల్ రోజుల్లో మధ్యాహ్నం పన్నెండున్నరకు ఇంటి నుంచి తప్పకుండా వచ్చే కేరేజీ, నలుగురికీ సరిపడా. మూత మీద సొట్ట కూడా తెలుస్తోంది. దాన్ని పట్టుకున్న చేతిని పోల్చుకోవడానికి ఆమెకు ముఖం చూడవలసిన పని లేకపోయింది.

ఇంటి దొంగను ఈశ్వరుడైనా పట్టలేడంటారు. కెమెరా పట్టింది, పట్టి ఆరేళ్ళు దాచింది. ఆమె తల తిప్పి తమ్ముడి వైపు చూసింది. వాడు అప్పటికే గోడకు చేరగిలబడి కిందికి జారాడు.

"అమ్మా?" అంది.

"కడుపు చించుకుంటే కాళ్ళ మీద పడుతుందక్కా. అందుకే వద్దన్నాను."

"ఏమంది? మొత్తం చెప్పు."

వాడు నేల మీది తెల్ల టేపు గీత కేసి చూశాడు. డ్రమ్స్ పెట్టే చోటది.

"బావకిలా అయిందమ్మా, కచేరీ వాయిదా వేద్దామని నేనే అన్నాను. నమ్మితే నమ్ము. అమ్మ అంది, చెవులు పోయాయంటే నీ మోత వల్లే పోయాయంటారు, ఇక ఏ హాలువాడూ నిన్ను ఎక్కనివ్వడు. తాగుబోతంటే వాడొక్కడే పోతాడు. అంతే అంది. అనేసి అందరికీ అన్నం వడ్డించింది. బావకు కూడా."

ఆరేళ్ళుగా ఆ ఇంట్లో సుత్తి పేరెత్తితే చాలు, అమ్మ కొంగు కళ్ళకద్దుకునేది. పెంచిన పిల్లాడు తాగి చెడిపోయాడని బంధువులందరి దగ్గరా ఏడ్చేది. మొదటి సినిమా కోసం కెమెరా ముందు కూర్చుని కూడా ఏడ్చింది. ఎంత చక్కగా వచ్చిందో అని ఆ ముక్కను ఆమె కోత వెయ్యకుండా పూర్తిగా ఉంచింది. ఇప్పుడు గుర్తుచేసుకుంటే ఆ ఏడుపులో ఒక్క చోట కూడా ఆ ముఖం తడబడలేదు. కోపమంటే ఇంతసేపూ తమ్ముడి మీద వచ్చిందే అనుకుంది ఆమె. అది కాదని ఇప్పుడు తెలిసింది.

సుత్తికి రెండు మాటలు టైపు చేసింది. అమ్మ దగ్గరికి వెళ్తున్నాను, వస్తావా. జవాబు వెంటనే వచ్చింది. మిల్లు గేటు దగ్గరుంటాను.

సంచిలోంచి చొక్కా మైకు తీసి, పాత బ్యాటరీ పీకేసి కొత్తది వేసింది. రికార్డరు తీసి స్పీకరు మీద పెట్టింది. ఎర్ర దీపం వెలిగింది. తమ్ముడు వద్దక్కా అన్నాడు, ఆమె విననట్టు ఊరుకుంది. వాళ్ళింట్లో అది కొత్తేం కాదు.

ఫోను మోగింది. వేళకు మోగే ఫోనే, అమ్మది. ఆమె ఎత్తి, గదంతా వినబడేలా పెట్టి రికార్డరు పక్కన ఉంచింది.

ఇద్దరూ ఒక్కచోటే ఉన్నారా, అయితే భోజనానికి వచ్చేయండి, అన్నీ చల్లారిపోతున్నాయి అంది అమ్మ. గొంతు ఎప్పటిలాగే వెచ్చగా ఉంది.

"వస్తున్నామమ్మా. ముగ్గురం. ఇంకో కంచం పెట్టు."

"మూడో మనిషెవరే?"

"సుత్తి. ఇప్పుడే పిలిచాను."

ఆమెకు పదకొండేళ్ళ అలవాటు. అటువైపు మాట ఆగగానే లోపల సెకన్లు లెక్కపెట్టడం మొదలైంది. ఆ ఇంట్లో గిన్నె చప్పుడు ఆగింది, కుళాయి కట్టేసిన చప్పుడు అయింది. ఈ ఆరేళ్ళలో సుత్తి గురించి అమ్మకు తెలుసని లోకానికి తెలిసింది తాగుడొక్కటే. లోకం లెక్కన చెవుల సంగతి అమ్మకు ఎవరూ చెప్పలేదు, ఎవరినీ అమ్మ అడగలేదు. తమ్ముడు గోడ దగ్గర రెండు చేతులతో తల పట్టుకున్నాడు.

పదకొండో సెకనులో అమ్మ నోరు విప్పింది.

"వాడికి ఫోను వినబడదుగా, ఎలా పిలిచావే?"